చేతులు తెరిచి ఉంచు చిన్నా

కాజిల్‌బార్
ఆదివారం రాత్రి

చిరంజీవి చిన్నాకి మావయ్య ఆశీస్సులు.

పొద్దున్నే అక్కయ్య ఫోన్ చేసింది. "వాడు ఎమ్మెస్ చదవడానికి వెళ్లాడా, కుమ్ములాటలకి వెళ్లాడా తమ్ముడూ?" అని ఒకటే కంగారు. ఐర్లండ్ వాళ్లు చేతులతోనూ కాళ్లతోనూ ఆడే గేలిక్ ఫుట్‌బాల్ ఉందే, డబ్లిన్‌లో ఆ క్లబ్బులో చేరావట. జూనియర్ టీములో గోల్ దగ్గర మూల కాసే కార్నర్ బ్యాక్‌గా నిలబడతావట. చెడుగుడులో కార్నర్ ఆడినవాణ్ణి, ఇదీ అంతేగా అన్నావట. ఫోన్ పెట్టేశాక చాలాసేపు నాలో నేనే నవ్వుకున్నాను. మన తెనాలి వైపు పిల్లాడు, నేను తొడుక్కున్న నంబర్ నాలుగు జెర్సీయే తొడుక్కుంటున్నాడని. కానీ "ఇదీ అంతేగా" అన్న మాట గుర్తొచ్చేసరికి గుండెల్లో దడ మొదలైంది. అందుకే రాత్రి డ్యూటీ లేకపోయినా పడుకోకుండా ఇది రాస్తున్నాను. వాట్సాప్‌లో పెడితే చూసి పక్కన పడేస్తావు. కాగితం అయితే చదువుతావు.

మామూలు సంగతులు ముందు చెప్పేస్తాను. క్లబ్బు సభ్యత్వం కట్టి, పేరు రిజిస్టర్ అయ్యాకే గ్రౌండ్‌లో దిగు. లేకపోతే దెబ్బ తగిలినప్పుడు ఇన్సూరెన్స్ రాదు. పళ్లకి పెట్టుకునే గమ్ షీల్డ్ లేకుండా ప్రాక్టీసుకి కూడా వెళ్లకు. అది 2014 నుంచి అందరికీ తప్పనిసరి. పార్ట్ టైమ్ షిఫ్టులు ప్రాక్టీసు రోజులు చూసుకుని మార్పించుకో, క్లాసులు మాత్రం ఎగ్గొట్టకు. తలకి దెబ్బ తగిలితే హీరోలా లేచి నిలబడకుండా బయటికి వచ్చెయ్.

లీ కీగన్ వీడియోలు చూసి డిఫెండర్ అవ్వాలనుకున్నావని అక్కయ్య చెప్పింది (ఆ పేరు పలకడానికి పాపం నానా తంటాలూ పడింది). ఆయన మా మేయో కౌంటీ మనిషిరా. వాళ్ల ఊరు వెస్ట్‌పోర్ట్ ఇక్కణ్ణుంచి ఇరవై నిమిషాలు. డిఫెండర్ అయ్యుండి 2016లో దేశం మొత్తానికి ఆ ఏడాది ఉత్తమ ఆటగాడయ్యాడు. ఏటా ఎంపిక చేసే ఆల్ స్టార్ జట్టులో ఐదుసార్లు ఉన్నాడు. అయినా కౌంటీ జట్లు పోటీపడే ఆల్ ఐర్లండ్ కప్పు ఒక్కసారి కూడా ఎత్తకుండానే 2023 జనవరిలో కౌంటీ ఆటకి సెలవు చెప్పాడు. మేయో ఆ కప్పు చివరిసారి గెలిచింది 1951లో, ఎన్నేళ్లయిందో లెక్క వేసుకో. ఎనభై వేల మంది చూసే ఆట ఆడినా వాళ్లకి జీతం ఉండదు. సోమవారం అందరిలాగే పనికి పోవాల్సిందే.

నువ్వు ఆయన గోల్స్ చూసి ఉంటావు. 2016 ఫైనల్ డ్రా అయి మళ్లీ ఆడినప్పుడు మేయో గోల్ ఆయనదే, 2017 ఫైనల్లోనూ ఆయనదే. రెండుసార్లూ డబ్లిన్ చేతిలో ఒక్క పాయింటు తేడాతో ఓడిపోయాం. ఇంకో రెండు సంగతులు కూడా చూడు. 2016లో గోల్ కొట్టిన ఆ మనిషే మొదటి సగం పూర్తికాకముందే, కావాలని చేసే ఫౌల్‌కి ఇచ్చే బ్లాక్ కార్డుతో బయటికి పోయాడు. 2017లో ఆఖరి నిమిషాల్లో డబ్లిన్ ఆటగాడు డీన్ రాక్ ఫ్రీ కిక్ కొట్టబోతుంటే, జెర్సీ లోపలున్న జీపీఎస్ పరికరం తీసి బంతి వైపు విసిరాడు. రాక్ గురి తప్పలేదు. కీగన్ అంటే నాకు ప్రాణం. అయినా చెబుతున్నాను, అంత గొప్ప డిఫెండర్ చెయ్యి కూడా ఒక్కోసారి మాట వినదు. మరి నీ చేతులో? పదేళ్లు చెడుగుడులో కాళ్లు పట్టి లాగడం నేర్చిన చేతులు. నా చేతులూ అవే.

ఇప్పటిదాకా అక్కయ్యకి చెప్పని సంగతి చెబుతాను.

2009 మే నెల, సాయంత్రం మ్యాచ్. నాకు ముప్ఫై మూడేళ్లు. ఆస్పత్రిలో నాతో పనిచేసే ఒకాయన "పదిహేనో మనిషి దొరకలేదు, రా" అని లాక్కెళ్తే మొదలుపెట్టిన ఆట అప్పటికి నాలుగేళ్లయింది. నాకు ఎదురుగా పందొమ్మిదేళ్ల కుర్రాడు, రైతుబిడ్డ. ఆఖరి నిమిషాలు, మేం ఒక పాయింటు ముందున్నాం. వాడు బంతి అందుకుని ఒక్కసారి భుజం వంచి నన్ను దాటేశాడు. నేను ఆలోచించలేదు. సంక్రాంతి పోటీల్లో రైడర్ గీత వైపు పరిగెడుతుంటే దూకినట్టు దూకి, రెండు చేతులతో వాడి చీలమండ దొరకబుచ్చుకున్నాను. మన ఊళ్లో అయితే మట్టి గుల్లచేసి ఉంటుంది, పడ్డవాడు దులుపుకుని లేస్తాడు. ఇక్కడ వాడి రెండో కాలి బూటు మేకులు తడి నేలలో దిగబడి ఉన్నాయి. ఒళ్లు తిరిగింది, మోకాలు తిరగలేదు. పచ్చి కొమ్మ విరిగినట్టు చప్పుడు.

నేను నర్సుని. వాడు మోకాలు పట్టుకున్న తీరు చూడగానే లిగమెంట్ తెగిందని తెలిసిపోయింది. నాకు ఎల్లో కార్డు ఇచ్చారు. బ్లాక్ కార్డు అప్పటికింకా రాలేదు. మ్యాచ్ మేమే గెలిచాం. మావాళ్లు నా వీపు తట్టారు. ఆ తట్టడం ఇప్పటికీ ఒంటిమీద ఉన్నట్టే ఉంటుంది.

దానికంటే పెద్ద తప్పు ఆ తర్వాత చేశాను. ఐదు వారాలు వాడింటికి వెళ్లలేదు. ఒకరోజు ఆస్పత్రి వరండాలో వాడు చంకకర్రలతో ఎదురుగా వస్తుంటే, దుప్పట్లు పెట్టే గదిలో దూరి తలుపేసుకున్నాను. ఆ కర్రల టకటక దాటిపోయేదాకా ఊపిరి బిగబట్టి నిలబడ్డాను. ఇంటికొచ్చి చెబితే మీ అత్తయ్య తిట్టలేదు. కారు తాళాలు తెచ్చి చేతిలో పెట్టింది.

వాళ్ల నాన్న తలుపు తీశాడు. లోపలికి రమ్మని టీ ఇచ్చాడు. నేను సారీ చెబితే తల ఊపాడు. కాసేపాగి, "దూడలకి పాలు పట్టడం వాడి పని" అన్నాడు, అంతే. మర్నాడు నైట్ డ్యూటీ దిగి నేరుగా అక్కడికే వెళ్లాను. క్రిస్మస్ దాకా వారానికి రెండు పొద్దులు వెళ్లాను. బకెట్లో తాగడం రాని దూడకి ముందు వేళ్లు నోట్లో పెట్టి, మెల్లిగా పాలలోకి దించాలి. దాని నాలుక గరుకుగా, వెచ్చగా ఉంటుంది. అదే చెయ్యి కదా అనిపించేది ప్రతిసారీ.

అందుకే నీకు దెబ్బ తగులుతుందని కాదు నా టెన్షన్. నీ వల్ల ఇంకొకడికి తగులుతుందని. ఈ ఆటలో మనిషిని పట్టకూడదు, బంతినే కొట్టాలి, అదీ తెరిచిన అరచేత్తో. నీ మనిషికీ గోల్‌కీ మధ్యలో ఉండు. వాడు తల ఆడిస్తాడు, భుజం ఆడిస్తాడు, నమ్మకు. నడుము చూడు. పక్కపక్కన పరిగెడుతూ, వాడికి దగ్గరగా ఉన్న చేత్తోనే బంతిని తట్టు. దూరంగా ఉన్న చెయ్యి చాపావంటే ఒళ్లు అడ్డం తిరిగి వాటేసుకున్నట్టే అవుతుంది. వాడు నిన్ను దాటిపోతే పోనీ. మళ్లీ పరిగెత్తు. పాయింటు పోతే పోయింది, దూకకు. 2025లో వచ్చిన కొత్త రూల్స్‌తో రెండు టీములూ ముగ్గురేసి ఫార్వర్డ్‌లని ముందే ఉంచాలి. కాబట్టి బోలెడంత ఖాళీలో నువ్వూ వాడూ ఇద్దరే మిగులుతారు. దూకాలనిపించే క్షణాలు నాకు వచ్చినవాటికంటే నీకే ఎక్కువ వస్తాయి.

తిడుతున్నానని అనుకోకు నాన్నా. ఏడేళ్లప్పుడు చెడుగుడు బరి పక్కన నా తువ్వాలు పట్టుకుని నిలబడేవాడివి, "కూత ఆపకు మావయ్యా" అని నాకంటే గట్టిగా అరిచేవాడివి. నువ్వు ఆడాలి. చలికి భయపడి మానెయ్యకు, అక్కయ్య సంగతి నేను చూసుకుంటాను.

ఆ కుర్రాడు మరుసటేడు మళ్లీ ఆడాడు. ఇప్పుడు వాడికి ఇద్దరు పిల్లలు. శనివారాలు పన్నెండేళ్లలోపు పిల్లలకి టాక్లింగ్ నేర్పుతున్నాడు. నీ సంగతి మధ్యాహ్నమే చెప్పాను, తీసుకురమ్మన్నాడు. వచ్చే శుక్రవారం సాయంత్రం హ్యూస్టన్ స్టేషన్‌లో వెస్ట్‌పోర్ట్ రైలు ఎక్కు, కాజిల్‌బార్‌లో దిగు. ప్లాట్‌ఫామ్ మీదే ఉంటాను. బూట్లు మర్చిపోకు.

నీ మావయ్య