నెల తప్పకముందే మొదలుపెట్టాల్సిన మాత్ర

ప్రశ్న: నాకు 27 ఏళ్లు. తొలి గర్భంలో ఐదో నెల టిఫా స్కాన్ (బిడ్డ అవయవాల్లో లోపాలు చూసే స్కాన్) చేసి, బిడ్డ వెన్నెముక మూసుకోలేదని, స్పైనా బైఫిడా అని చెప్పారు. గర్భం తీయించుకోవాల్సి వచ్చింది. గ్రహణం నాడు బయటికి వెళ్లినందుకే ఇలా అయిందని ఇంట్లో అంటున్నారు. మళ్లీ బిడ్డను కనాలనుకుంటున్నాం. అప్పట్లో ఆశా కార్యకర్త ఇచ్చిన ఎర్ర మాత్రలు మిగిలి ఉన్నాయి. అవి వేసుకుంటే చాలా?
– ఒక పాఠకురాలు, ఏలూరు జిల్లా

జవాబు: చాలవమ్మా. గ్రహణానికీ దీనికీ సంబంధం లేదు, ఆ నింద మీరు మోయక్కర్లేదు.

గర్భం నిలిచిన 28 రోజుల్లోపే బిడ్డ మెదడు, వెన్నుపాము తయారయ్యే గొట్టం మూసుకుపోతుంది. నెల తప్పిందని తెలిసేసరికి ఇందులో సగం గడువు అయిపోతుంది. అందుకే ఆ గొట్టం సరిగ్గా మూసుకోవడానికి కావాల్సిన ఫోలిక్ యాసిడ్ అనే విటమిన్ ముందు నుంచే ఒంట్లో ఉండాలి. బ్రిటన్ మెడికల్ రీసెర్చ్ కౌన్సిల్ ఏడు దేశాల్లో, సరిగ్గా మీలాంటి తల్లులపైనే పరీక్ష జరిపి 1991లో ఫలితాలు ప్రకటించింది. ఈ లోపంతో ఏర్పడిన 27 గర్భాల్లో ఫోలిక్ యాసిడ్ తీసుకున్నవారివి 6, తీసుకోనివారివి 21. అంటే ముప్పు 72 శాతం తగ్గింది. ఆ పరీక్షలో వాడిన మోతాదు రోజుకు 4 మిల్లీగ్రాములు.

ఎర్ర మాత్రలో ఉండే ఫోలిక్ యాసిడ్ 500 మైక్రోగ్రాములే, అంటే అర మిల్లీగ్రాము. దాంతోపాటు 60 మిల్లీగ్రాముల ఇనుము ఉంటుంది. లెక్క సరిపోతుందని ఎనిమిది మాత్రలు మింగితే 480 మిల్లీగ్రాముల ఇనుము లోపలికి పోతుంది, అది ప్రమాదం. రెండు మూడు మల్టీవిటమిన్లు కలిపి వేసుకోవడమూ వద్దు, విటమిన్ ఎ ఎక్కువైతే బిడ్డకే చేటు. మన దగ్గర ఫోలిక్ యాసిడ్ ఒక్కటే ఉన్న 5 మిల్లీగ్రాముల మాత్ర తేలిగ్గా దొరుకుతుంది, ఖరీదూ తక్కువే. డాక్టర్‌తో రాయించుకుని, పిల్లల కోసం ప్రయత్నించడానికి కనీసం నెల, వీలైతే మూడు నెలల ముందు నుంచి రోజుకొకటి వేసుకోండి. గర్భం ఆలస్యమైనా ఆపొద్దు. ఒక రోజు మరిచిపోతే మర్నాడు రెండు వేసుకోవద్దు. 12 వారాలు నిండాక దీన్ని ఆపి, మామూలు ఐరన్ మాత్రలకు మారతారు.

మొదలుపెట్టే ముందు విటమిన్ బి12 పరీక్ష చేయించండి, శాకాహారులైతే తప్పకుండా. బి12 తక్కువుండగా ఫోలిక్ యాసిడ్ ఎక్కువ మోతాదులో తీసుకుంటే రక్తం రిపోర్టు బాగుపడినట్టే కనిపిస్తుంది, నరాలు మాత్రం లోలోపల దెబ్బతింటుంటాయి. షుగర్ ఉంటే ముందే అదుపులోకి రావాలి. ఫిట్స్‌కు వాల్‌ప్రోయేట్ వాడుతుంటే సొంతంగా ఆపకండి, మందు మార్చే సంగతి న్యూరాలజిస్టు చూస్తారు. కీళ్లవాతానికో, సోరియాసిస్‌కో మెథోట్రెక్సేట్ వాడుతుంటే గర్భానికి ముందే డాక్టర్ సలహాతో ఆపాలి, అది ఫోలిక్ యాసిడ్‌కు బద్ధ విరోధి. విచిత్రమేమిటంటే, ఫోలిక్ యాసిడ్‌ను కృత్రిమంగా తయారుచేసిందీ, ఈ విరోధిని రూపొందించిందీ మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారు అమెరికాలో నడిపిన బృందమే.

ఫోలిక్ యాసిడ్‌కు బదులు దాని మరో రూపమైన ఖరీదైన మిథైల్‌ఫోలేట్, జన్యు పరీక్ష అంటూ ఎవరైనా చెబితే తలూపకండి. ఈ లోపాన్ని ఆపుతుందని పరీక్షల్లో రుజువైంది మామూలు ఫోలిక్ యాసిడే.

ఇంత తేలిక మందు ఉండీ ఎందుకు అందలేదని మీరు అడగొచ్చు. మన ప్రభుత్వ పథకంలో గర్భిణికి రోజువారీ ఎర్ర మాత్ర నాలుగో నెల నుంచి మొదలవుతుంది. రక్తహీనతకు అది పనికొస్తుంది, వెన్నెముక విషయంలో మాత్రం చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టే. అమెరికా 1998 నుంచి పిండిలోనే దీన్ని కలపడం తప్పనిసరి చేసింది. మన ఫోర్టిఫైడ్ (పోషకాలు కలిపిన) బియ్యంలో కిలోకు 75–125 మైక్రోగ్రాములు ఉండాలని ప్రమాణం. రోజుకు 300 గ్రాములు తింటే వచ్చేది మహా అయితే 37. ఇలాంటి చరిత్ర లేని ఆడవాళ్లకైనా గర్భానికి ముందు నుంచి రోజుకు 400 మైక్రోగ్రాములు కావాలి. తోటకూర, పాలకూర, శనగలు తినండి, కానీ ఉడికేటప్పుడు వాటిలోని ఫోలేట్ (ఈ విటమిన్ సహజ రూపం) చాలావరకు పోతుంది కాబట్టి వాటినే నమ్ముకోకండి.

మాత్ర సరిగ్గా వేసుకున్నా కొన్ని కేసులు తప్పవు. అందుకే ఈసారి 11–13 వారాల స్కాన్, 18–20 వారాల మధ్య టిఫా రెండూ చేయించుకోండి. పాత రిపోర్టు వెంట తీసుకెళ్లి, స్కాన్ చేసే డాక్టర్‌కు మొదలే చూపించండి.