సెర్గో జకారియాద్జే ఎవరు?

‘వాటర్లూ’ (1970) సినిమాలో నెపోలియన్ మీదికి వచ్చే ప్రష్యా సేనాని బ్లూకర్‌గా వేసిన ముసలాయన ఎవరని అడిగారు. ఆయన జార్జియా నటుడు సెర్గో జకారియాద్జే. 1909లో బాకూలో పుట్టారు, ప్రధానంగా రంగస్థలం మనిషి. తమ్ముడు బుఖుతీ కూడా నటుడే.

అసలు పేరు తెచ్చింది మాత్రం రెజో చ్ఖెయిద్జే తీసిన ‘సైనికుడి తండ్రి’ సినిమా. రెండో ప్రపంచ యుద్ధంలో గాయపడిన కొడుకును చూద్దామని ఊరి నుంచి బయల్దేరిన ముసలి రైతు, కొడుకు మళ్లీ యుద్ధానికి వెళ్లాడని తెలిసి తానూ సైన్యంలో చేరతాడు. జర్మనీలో ద్రాక్షతోటను ట్యాంకుతో తొక్కించబోతున్న సొంత సైనికుడిపైనే విరుచుకుపడతాడు. శత్రుదేశమైతేనేం, తీగ తీగే కదా! ఆ ఒక్క సీన్ కోసమైనా చూడండి. ఈ పాత్రకే 1965 మాస్కో చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి వచ్చింది. 1971లో చనిపోయారు.