ఇంగ్లిష్ స్లాంగ్‌లోకి తెలుగు నుంచి వెళ్ళిన మాట ఒక్కటైనా ఉందా?

"దేఖో నుంచి డెకో, ఖుషీ నుంచి కుషీ, ఇలా హిందీ, ఉర్దూ మాటలు ఇంగ్లిష్ వాళ్ళ వాడుకలో కనిపిస్తాయి. తెలుగు మాట ఒక్కటీ లేదా?" అని ఒకరు అడిగారు. ఉంది. పందికొక్కు.

బాండికూట్ అన్న పేరు మీరు వినే ఉంటారు. 1996లో వచ్చిన క్రాష్ బాండికూట్ వీడియో గేమ్ ఆడినవాళ్ళకి కొత్తగా చెప్పక్కర్లేదు. ఆ పేరు మన పందికొక్కే. ఇది తెలుగు మాట అనీ, పంది, కొక్కు కలిసి అయిందనీ 1886లో అచ్చయిన హాబ్సన్-జాబ్సన్ అనే, ఇండియాలో ఇంగ్లిష్ వాళ్ళు వాడిన మాటల నిఘంటువులోనే ఉంది. అయితే నాకు ఆ సంగతి పుస్తకం చూస్తే తెలియలేదు, బంగాళాదుంపల చేలో తెలిసింది.

ఆస్ట్రేలియాలో చదువుకునే రోజుల్లో ఒక సెలవులకి విక్టోరియాలోని థార్ప్‌డేల్ దగ్గర దుంపల పనికి వెళ్ళాను. గిప్స్‌ల్యాండ్ కొండల మధ్య ఎర్రమట్టి నేల, దుంపలకి పేరున్న ఊరు. ఒకరోజు పొద్దున్నే రైతు మమ్మల్ని రోడ్డు పక్క సాలు దగ్గరికి తీసుకెళ్ళి, "రాత్రి ఎవరో నా దుంపల్ని బాండికూట్ చేశారు" అన్నాడు. చూస్తే మొక్కలు పచ్చగా నిలబడే ఉన్నాయి. మట్టి కదిపితే కింద దుంప లేదు. మొక్క పీకకుండా, పక్కనుంచి చెయ్యి దూర్చి, దుంపలు మాత్రం తీసేసుకుని, మట్టి మళ్ళీ సర్దేసి పోవడాన్ని అక్కడ ఆ ఒక్క మాటతో చెప్పేస్తారు. పంతొమ్మిదో శతాబ్దం చివరి నుంచీ ఉన్న వాడుక.

నేను అక్కడే నిలబడిపోయాను. ఎందుకంటే సరిగ్గా ఆ దొంగతనాన్నే నా చిన్నప్పుడు బాపట్ల దగ్గర మా తాతయ్య ఇసుక చేలో చూశాను. వేరుశెనగ మొక్క పైకి నవనవలాడుతూ ఉండేది. పీకి చూస్తే ఊడలకి కాయలుండేవి కావు. "పందికొక్కులు పడ్డాయిరా" అని తాతయ్య తలపాగా తీసి దులిపి గట్టు మీద కూర్చునేవాడు.

నిజానికి ఆస్ట్రేలియాలో ఉన్నది మన పందికొక్కు కాదు, అసలు ఎలుక జాతే కాదు. కంగారూలా పొట్టకి సంచి ఉన్న జీవి. ఆ సంచి నోరు వెనకవైపు ఉంటుంది, తవ్వేటప్పుడు లోపలి పిల్లల మీద మట్టి పడకుండా. పొడుగు మూతి, నేల తవ్వే అలవాటు చూసి, అప్పటికే ఇండియా నుంచి తెచ్చుకున్న పేరు దానికి తగిలించారు. ఇంగ్లిష్ వాళ్ళు మాట మొదట్లో వచ్చే 'ప'ని గాలి వదిలి పలుకుతారు. మనం అలా పలకం. అందుకే మన 'ప' వాళ్ళ చెవికి 'బ'లా వినిపించి ఉంటుందని నా ఊహ.

నాకు అన్నిటికంటే నచ్చింది మాట అక్కడికి వెళ్ళాక దాని బతుకు మారిపోయిన తీరు. మన దగ్గర పందికొక్కు అంటే తెగబలిసింది. ఎవరి సొమ్మో దిగమింగినవాణ్ణి "పందికొక్కులా మెక్కాడు" అంటాం. అక్కడ అదే పేరు పస్తులకీ దిక్కులేనితనానికీ గుర్తు. దీనంగా ఉన్నవాణ్ణి, చేతిలో పైసా లేనివాణ్ణి బాండికూట్‌తో పోలుస్తారు. తోడు లేక మిగిలిపోయినవాడు "కాలిపోయిన గుట్ట మీది బాండికూట్". పనికిరాని నేలని "అక్కడ బాండికూట్ కూడా ఆకలికి చస్తుంది" అనే వాడుక 1837 నాటికే ఉంది. మన డెల్టా గాదెల పక్కన బలిసిన మాట, ఆ బీడునేలల్లో చిక్కి శల్యమైంది.

అన్నట్టు, ఆ జంతువుల్లో ఒక జాతి ముందుకాళ్ళు పంది గిట్టల్లా ఉన్నాయని దానికి 'పందికాళ్ళ బాండికూట్' అని పేరు పెట్టారు. పేరులో అప్పటికే ఒక పంది ఉందని ఆ పెట్టినవాళ్ళకి ఎవరూ చెప్పినట్టు లేదు. ఆ జాతి ఇరవయ్యో శతాబ్దంలో పూర్తిగా అంతరించిపోయింది. అది తెలిసినప్పుడు సొంత ఊరివాళ్ళెవరో పోయినట్టే బాధేసింది.

రైతుకి ఇదంతా చెప్పాను. నమ్మలేక రెండుసార్లు పలికించుకున్నాడు. 'క్కు' దగ్గర నాలుక తిరక్కపోయినా వదల్లేదు, సాయంత్రం దాకా ప్రయత్నిస్తూనే ఉన్నాడు.

ఆ రాత్రే తాతయ్యకి ఫోన్ చేశాను. మాట సంగతి, దుంపల సంగతి అన్నీ ఓపిగ్గా విన్నాడు. చివరికి, "పాపం, ఆ రైతుకి ఎన్ని సాళ్ళు పోయాయిరా?" అని అడిగాడు.