దాఖలు మిగిలింది, ఖారిజు పోయింది

సందేహం: మా ఇంటి వాటా దావాలో అవతలివాళ్ల సివిల్ అప్పీలును హైకోర్టు డిస్మిస్ చేసింది. వాళ్లు వేసిన స్టే పిటిషన్ ఇంకా పెండింగ్‌లోనే ఉండేది. తీర్పు చివరి వాక్యాన్ని మా అబ్బాయి ఫోన్‌లో తెలుగు చేయిస్తే ‘పెండింగ్ దరఖాస్తులు మూసివేయబడి నిలబడతాయి’ అని వచ్చింది. మూసేశాక నిలబడటమేమిటి? అప్పీలును కొట్టివేశారనాలా, తోసిపుచ్చారనాలా?
– ఒక పాఠకుడు, మలక్‌పేట

సమాధానం: నిలబడవు. ఇంగ్లిషులో ‘స్టాండ్ క్లోజ్డ్’ అంటే మూసినట్టే లెక్క అని. అందులో ‘స్టాండ్’ కనబడగానే తెలుగు దరఖాస్తుకు కాళ్లు మొలిపించారు. పైగా ఆ ‘బడి’ ఒకటి! ‘పెండింగ్ దరఖాస్తులు ఉంటే అవీ ముగిసినట్టే’ అంటే మలక్‌పేటలో ఎవరికి అర్థం కాదు?

డిస్మిస్‌కు మన ఊళ్లో ఒకప్పుడు చక్కని మాట ఉండేది: ఖారిజు. నిజాం జమానాలో కోర్టుల భాష ఉర్దూ. మూసీ ఒడ్డున హైకోర్టు భవనం తెరిచిన 1920లో అప్పీలు పోతే ‘ఖారిజ్’ అయిందనేవారు. అరబ్బీలో దాఖిల్ అంటే లోపలికి వచ్చేది, ఖారిజ్ అంటే బయటికి పోయేది. ఒకే గుమ్మానికి రెండు దిక్కులన్నమాట. మనం దాఖలును అట్టేపెట్టుకున్నాం, రోజూ పిటిషన్లు దాఖలు చేస్తూనే ఉన్నాం. దాని జోడీని మాత్రం వదిలేశాం. ఆ ఖారిజుకు తోబుట్టువు మన ఖర్చు. జేబులోంచి బయటికి పోయేది కదా! కోర్టు చుట్టూ తిరిగినవాళ్లకు ఈ చుట్టరికం విడమరచి చెప్పక్కర్లేదు.

తోసిపుచ్చడంలోనూ ఇదే భావం ఉంది. పుచ్చు అంటే పోయేట్టు చేయడం. పొద్దుపుచ్చడంలో ఉన్నది అదే. తిక్కనగారి భారతంలో దూతల్ని ‘పుత్తెంచడం’లోనూ అదే. పుచ్చు వంకాయ వేరు. కొట్టివేత కలం గీతతో వచ్చిన మాట. దస్తావేజు రాసేవాళ్లు చివర ‘కొట్టివేతలు లేవు’ అని రాస్తారు, చూసే ఉంటారు. నా మొగ్గు అప్పీలుకు కొట్టివేత, వాదనకు తోసిపుచ్చడం. పట్టుబట్టను.

ఇక మీ స్టే పిటిషన్. అప్పీలు వేసినంత మాత్రాన కింది కోర్టు డిక్రీ ఆగదు, అందుకే స్టే విడిగా అడుగుతారు. ఆ అడగడం అప్పీలు తేలేదాకా పనికొచ్చే ఏర్పాటు మాత్రమే. అప్పీలు చెయ్యి పట్టుకుని లోపలికి వచ్చింది, దానితోనే బయటికి పోతుంది. అయితే దాని బాగోగులు ఎవరూ విచారించలేదు కాబట్టి దాన్ని ‘కొట్టివేశారు’ అనడం సరికాదు. పత్రికలవాళ్లు రెండింటినీ ఒకే గాట కట్టేస్తున్నారు. ‘మూసివేశారు’ పరవాలేదు, ‘ముగించారు’ నాకు ఇంకా నచ్చుతుంది.

అన్నీ అలా వెంట పోవు. అప్పీలు ఎవరి మీద వేశారో ఆ పక్షం, అంటే ఇక్కడ మీరు, కింది కోర్టు డిక్రీ మీద తన అభ్యంతరాలు విడిగా దాఖలు చేసి ఉంటే, అప్పీలుదారు అప్పీలును వాపసు తీసుకున్నా, గైర్హాజరు వల్ల అది పోయినా, ఆ అభ్యంతరాలను కోర్టు విని తేల్చవచ్చు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 41వ ఆర్డరు, 22వ రూలు చెప్పేది ఇదే. మీరు అలాంటివి వేశారో లేదో రాయలేదు. వేసి ఉంటే నన్ను కాదు, మీ వకీలుసాబును అడగండి.

అన్నట్టు, అదే ఫోన్ ‘రెస్పాండెంట్’ను, అంటే అప్పీలులో మీ పక్షాన్ని, ఏమని తెలుగు చేసిందో కాస్త చూసి రాయండి.