మెలకువ వచ్చినా చెయ్యి కదలలేదు... మళ్లీ ఆపరేషన్ అంటే భయం

ప్రశ్న: డాక్టర్ గారూ, మాది రాయగడ జిల్లా గుణుపురం. మా అమ్మకు 57 ఏళ్లు. కొన్నేళ్ల కిందట ఒక ప్రైవేటు ఆసుపత్రిలో గర్భసంచి తీశారు. ఆపరేషన్ అయ్యాక తనకు మెలకువ వచ్చిందనీ, చుట్టూ మాటలు వినిపిస్తున్నా కళ్లు తెరవలేకపోయాననీ, చెయ్యి లేవలేదనీ, గాలి చాలక ప్రాణం పోతుందనుకున్నాననీ అమ్మ ఇప్పటికీ చెబుతుంది. మరో ఇంజెక్షన్ ఇచ్చాక కాసేపటికి సర్దుకుందట. ఇప్పుడు పిత్తాశయంలో రాళ్లున్నాయి, తీయించాలన్నారు. విశాఖపట్నం తీసుకువెళ్దామంటే అమ్మ ససేమిరా అంటోంది. అప్పట్లో ‘రివర్సల్’ మందు సరిగా పడలేదని ఒకరు, ఇప్పుడు ఖరీదైన కొత్త మందు వచ్చింది కాబట్టి అదే అడగమని మరొకరు చెబుతున్నారు. అసలు నడుముకు మత్తు ఇచ్చి ఈ ఆపరేషన్ చేయకూడదా? ఇంకొక సంగతి, మా చిన్న మేనమామకు కూడా అపెండిక్స్ ఆపరేషన్ తర్వాత తెల్లవారేదాకా మెషీన్ మీద ఉంచారు. దానికీ దీనికీ ఏమైనా సంబంధం ఉందా?
– ఒక పాఠకురాలు, గుణుపురం

సమాధానం: అమ్మా, ‘ఇంకొక సంగతి’ అంటూ మీరు చివర్లో రాసిన వాక్యమే ఈ ఉత్తరంలో నాకు అన్నిటికన్నా ముఖ్యంగా కనిపించింది. దాని దగ్గరికి వస్తాను. ముందు మీ అమ్మగారి భయం గురించి మాట్లాడుకుందాం.

ఆవిడ చెప్పింది నిజంగా జరిగినదే అయి ఉంటుంది. ‘మత్తులో ఏదో కలగన్నావు’ అని ఇంట్లో ఎవరైనా కొట్టిపారేస్తుంటే మానమనండి. జనరల్ అనస్థీషియాలో, అంటే పూర్తి మత్తులో, ఇచ్చేది ఒకే మందు కాదు. నిద్రపుచ్చే మందు వేరు, నొప్పి తెలియకుండా చేసేది వేరు, కండరాలను వదులు చేసేది వేరు. గొంతులోకి శ్వాసగొట్టం సాఫీగా వెళ్లాలన్నా, పొట్ట కోస్తున్నప్పుడు కండరాలు బిగుసుకోకుండా ఉండాలన్నా ఈ మూడోది కావాలి. ఇది మెదడులోకి పోదు, కండరాల దగ్గరే పనిచేస్తుంది. అందువల్ల నిద్రమందు ముందు దిగిపోయి కండరాల మందు ఇంకా మిగిలి ఉంటే, మనిషికి స్పృహ ఉంటుంది, ఒళ్లు మాత్రం మాట వినదు. మీ అమ్మగారు వర్ణించిన స్థితి సరిగ్గా ఇదే. అరుదైన వింతేమీ కాదు. కొలిచి చూడని చోట రికవరీ గదికి చేరే రోగుల్లో కొద్దో గొప్పో బలహీనత మిగిలి ఉండడం తరచుగానే కనిపిస్తుంది. చాలామందికి అది మత్తు వదలని బడలికలా అనిపించి గడిచిపోతుంది. ఆవిడకు మాత్రం అది బాగా తెలిసేంత మిగిలింది.

ఈ కండరాల మందుల పుట్టుక దక్షిణ అమెరికా అడవుల్లో. అక్కడి వేటగాళ్లు బాణాల మొనకు పూసే క్యురారే అనే విషాన్ని శుద్ధి చేసి, 1942లో కెనడాలోని మాంట్రియల్‌లో హెరాల్డ్ గ్రిఫిత్, ఎనిడ్ జాన్సన్ అనే వైద్యులు ఆపరేషన్ బల్ల మీద వాడి చూపారు. ఇప్పుడు వాడే అట్రాక్యురియం, వెక్యురోనియం, రోక్యురోనియం ప్రయోగశాలల్లో తయారైనవే అయినా పనిచేసే తీరు క్యురారేదే.

ఆ తీరు తెలిస్తే మీ రెండు మందుల గొడవ సగం తీరుతుంది. నరం చివర నుంచి ఎసిటైల్‌కోలిన్ అనే పదార్థం వెలువడి కండరం మీద తనకోసం ఉన్న చోట్లలో కూర్చుంటేనే కండరం కదులుతుంది. పండగ రోజుల్లో గుణుపురం బస్సు ఆగీ ఆగకముందే కిటికీలోంచి తువ్వాలు విసిరి సీట్లు ఆపేస్తారు కదా, కండరాల మందు చేసేది అదే. సీటు ఆక్రమించుకుంటుంది, తాను ప్రయాణం చేయదు, అసలు ప్రయాణికుణ్ణి కూర్చోనివ్వదు. కండరాల మందు ప్రభావాన్ని తీసేసేదాన్నే రివర్సల్ మందు అంటారు. వాటిలో పాతదైన నియోస్టిగ్మిన్ ఆ తువ్వాళ్లను ముట్టుకోదు. ఎసిటైల్‌కోలిన్‌ను విరగ్గొట్టే ఎంజైమును కాసేపు ఆపి, అసలు ప్రయాణికుల సంఖ్య పెంచుతుంది. జనం తోసుకొచ్చేసరికి తువ్వాళ్లు పక్కకు జరుగుతాయి. అయితే బస్సు నిండా తువ్వాళ్లే ఉంటే ఎంత జనం వచ్చినా ప్రయోజనం ఉండదు. నియోస్టిగ్మిన్‌కు ఉన్న అసలు పరిమితి ఇదే. సడలింపు బాగా లోతుగా ఉన్నప్పుడు ఇస్తే పనిచేయదు, మోతాదు పెంచుకుంటూ పోయినా ఒక హద్దు దాటాక ఫలితం ఉండదు. కండరాలు వాటంతట అవి కొంత కోలుకోవడం మొదలయ్యాక ఇవ్వాలి, ఇచ్చాక కూడా 10 నిమిషాలు, ఒక్కోసారి అంతకంటే ఎక్కువసేపు ఆగాలి. మీ అమ్మగారి విషయంలో మందు ‘సరిగా పడకపోవడం’ కంటే తొందరగా ఇచ్చి ఉండటానికో, ఇచ్చాక తగినంత ఆగకపోవడానికో అవకాశం ఎక్కువ. నేను ఆ గదిలో లేను కాబట్టి ఇంతకు మించి తీర్పు చెప్పను.

నియోస్టిగ్మిన్ పెంచే ఎసిటైల్‌కోలిన్ కండరాలతో ఆగదు. గుండె వేగం తగ్గుతుంది, నోట్లో ఊట పెరుగుతుంది, ఊపిరి గొట్టాలు బిగుసుకోవచ్చు. అందుకే దానితోపాటు గ్లైకోపైరోలేట్ లేదా అట్రోపిన్ ఇస్తారు. ఆపరేషన్ అయ్యాక నోరు పిడచకట్టుకుపోవడానికి ఈ రెండో మందు కూడా ఒక కారణం.

కొత్త మందు పేరు సుగమ్మడెక్స్. స్కాట్లాండ్‌లోని ఆర్గనాన్ సంస్థ ప్రయోగశాలలో రూపుదిద్దుకుంది. ఐరోపాలో 2008లో అనుమతి వచ్చింది. అమెరికాలో ఎలర్జీ సందేహాల వల్ల 2015 దాకా రాలేదు. దీని దారి పూర్తిగా వేరు. ఎనిమిది చక్కెర అణువులు వలయంగా అల్లుకున్న నిర్మాణం ఇది. రోక్యురోనియం అణువును తన మధ్యలో పట్టి బంధిస్తుంది, మూత్రంలో బయటికి పంపుతుంది. ఎంత లోతైన సడలింపునైనా, తగిన మోతాదు ఇస్తే, 2, 3 నిమిషాల్లో తీసేయగలదు. మామూలు సడలింపుకు కిలో బరువుకు 2 మిల్లీగ్రాములు, లోతుగా ఉంటే 4, గొట్టం వేయలేక అత్యవసరంగా వెనక్కి రావలసి వస్తే 16. మా వృత్తిలో ఇది నిజంగా పెద్ద మార్పే, కాదనను.

కానీ అది పట్టుకునేది రోక్యురోనియంను, కొంత తక్కువగా వెక్యురోనియంను. అట్రాక్యురియం మీద దానికి ఏ ప్రభావమూ లేదు. మన ప్రాంతంలో చాలా ఆసుపత్రుల్లో వాడేది అట్రాక్యురియమే. అది కాలేయం, కిడ్నీల మీద పెద్దగా ఆధారపడకుండా రక్తంలో తనంతట తానే విడిపోతుంది, ధర కూడా తక్కువ. అది వాడాక మీరు బయట కొట్టులో సుగమ్మడెక్స్ సీసా కొనితెచ్చి ఇచ్చినా ఏమీ జరగదు. ఖర్చు కూడా నియోస్టిగ్మిన్‌కు ఎన్నో రెట్లు. కిడ్నీలు బాగా దెబ్బతిన్నవారికి దీన్ని సాధారణంగా వాడరు. అరుదుగానైనా తీవ్రమైన ఎలర్జీ, గుండె వేగం పడిపోవడం ఉన్నాయి. మీ అమ్మగారికి వర్తించదు కానీ చదివే చిన్న వయసు ఆడవాళ్ల కోసం ఒక మాట. ఈ మందు గర్భనిరోధక మాత్రల్లోని హార్మోన్‌ను కూడా కొంత పట్టేస్తుంది. వేయించుకున్న తర్వాత 7 రోజుల పాటు కండోమ్ వంటి వేరే జాగ్రత్త తీసుకోవాలి. డిశ్చార్జి రోజు ఈ సంగతి చాలామందికి ఎవరూ చెప్పరు.

కాబట్టి మీరు అడగవలసింది మందు పేరు కాదు. మత్తు డాక్టరుతో ఇలా అనండి: ‘గొట్టం తీసే ముందు కండరాల బలాన్ని యంత్రంతో కొలుస్తారా?’ మణికట్టు దగ్గర నరానికి వరసగా నాలుగు చిన్న విద్యుత్ తాకిళ్లు ఇచ్చి, బొటనవేలు ఎంత కదులుతుందో చూస్తారు. నాలుగో కదలిక మొదటి దానిలో కనీసం 90 శాతం ఉండాలి. అంతకు తక్కువైతే గొట్టం ఉంచి ఇంకాసేపు నిద్రలోనే ఉంచాలి. ‘తల ఎత్తి 5 సెకన్లు పట్టండి, నా చెయ్యి నొక్కండి’ అని చూడటం పాత పద్ధతి. అది గట్టెక్కినవారిలో కూడా గొంతు కండరాలు పూర్తిగా కోలుకోకపోవచ్చు. ఊపిరి తీసే డయాఫ్రం ముందు కోలుకుంటుంది, మింగే కండరాలు వెనకబడతాయి, అప్పుడు ఉమ్ము, వాంతి ఊపిరితిత్తుల్లోకి జారే ప్రమాదం ఉంది. అమెరికా మత్తు వైద్యుల సంఘం 2023లో ఇచ్చిన మార్గదర్శకాలు కూడా ఈ కొలతనే ముందుపెట్టాయి. నన్నడిగితే, కొలిచి చూసి నియోస్టిగ్మిన్ ఇచ్చే డాక్టరు, కొలవకుండా సుగమ్మడెక్స్ ఇచ్చే డాక్టరు కన్నా నయం. రెండూ ఉన్న చోటు దొరికితే మరీ మంచిది.

ఇక మీ మేనమామ సంగతి. అపెండిక్స్ వంటి అత్యవసర ఆపరేషన్లలో గొట్టం త్వరగా వేయడానికి సక్సినైల్‌కోలిన్ అనే మరో రకం మందు వాడటం మామూలు. రక్తంలోని ఒక ఎంజైము దాన్ని విరగ్గొడుతుంది కాబట్టి 10 నిమిషాల్లోపే ప్రభావం పోతుంది. ఆ ఎంజైము పుట్టుకతోనే లేనివారిలో లేదా సరిగా పనిచేయనివారిలో గంటల తరబడి ఉండిపోతుంది. ఈ స్థితికి నమ్మదగిన రివర్సల్ మందు లేదు. నియోస్టిగ్మిన్ ఇస్తే ఇంకా సాగవచ్చు, సుగమ్మడెక్స్ తాకదు. నిద్రలో ఉంచి, వెంటిలేటర్ మీద ఊపిరి ఇస్తూ, అది దానంతట అది పోయేదాకా ఆగడమే వైద్యం. మీ మామయ్యను తెల్లవారేదాకా మెషీన్ మీద ఉంచారంటే, కారణం ఇదే అయితే, ఆ డాక్టర్లు సరైన పని చేశారు.

ఈ లోపం ప్రపంచమంతా అరుదే. కానీ మన ఆర్యవైశ్య కుటుంబాల్లో మిగతావారికన్నా బాగా ఎక్కువగా కనిపిస్తుంది. ఆ ఎంజైములో 307వ స్థానంలో ల్యూసిన్ అనే అమైనో ఆమ్లానికి బదులు ప్రోలిన్ ఉండే జన్యు మార్పును పరిశోధకులు గుర్తించారు. మీరు కులం రాయలేదు, నేను అడగడమూ లేదు. రాయగడ, గుణుపురం, పర్లాకిమిడి బజార్లలో తరాలుగా వ్యాపారం చేస్తున్న తెలుగు కుటుంబాలు ఎన్నో ఉన్నాయి కాబట్టి అందరికీ కలిపి చెబుతున్నాను. ఇది జబ్బు కాదు. మామూలు బతుకులో ఏ తేడా తెలియదు. పెళ్లి సంబంధాలు చూసేటప్పుడు దాచవలసిందీ లేదు, చాటవలసిందీ లేదు. ఇద్దరు తల్లిదండ్రుల నుంచీ లోపమున్న జన్యువు వస్తేనే బయటపడుతుంది కనుక మేనరికాలున్న ఇళ్లలో అవకాశం కొంత పెరుగుతుంది. తోడబుట్టినవారిలో ఒక్కొక్కరికీ నాలుగింట ఒక వంతు అవకాశం.

మీ అమ్మగారు ఆయనకు తోబుట్టువే. ఆవిడకు ఆ రోజు రెండో ఇంజెక్షన్‌తో సర్దుకుంది కాబట్టి రెండూ వేరువేరు కారణాలు కావడానికే అవకాశం ఎక్కువ. అయినా ఊహ మీద వదలకండి. ఆ ఎంజైమును కొలిచే ‘సూడోకోలినెస్టరేజ్’ అనే రక్తపరీక్ష ఉంది, పెద్ద ఊళ్లలోని లేబొరేటరీలు చేస్తాయి. ముందు మామయ్యకు, తర్వాత అమ్మగారికి చేయించండి. తక్కువగా వస్తే జాగ్రత్త చాలా తేలిక: సక్సినైల్‌కోలిన్, అదే ఎంజైము విరగ్గొట్టే మివాక్యురియం వాడరు, అంతే.

ఈ ఎంజైము పుట్టుకతోనే తగ్గాలని లేదు. రాయగడ వైపు పత్తి చేలలో కొట్టే కొన్ని ఆర్గానోఫాస్ఫేట్ పురుగుమందులు దీన్నే దెబ్బతీస్తాయి. ఈమధ్య మందు కొట్టిన రైతు ఎవరైనా ఆపరేషన్‌కు వెళ్తే ఆ మాట మత్తు డాక్టరుకు చెప్పాలి. ‘దానికీ ఆపరేషన్‌కీ ఏమిటి సంబంధం’ అనుకుని చాలామంది చెప్పరు.

నడుముకు మత్తు గురించి: కొన్నిచోట్ల అలా చేస్తారు. కానీ పిత్తాశయాన్ని ఎక్కువగా చిన్న రంధ్రాల గుండా, లాప్రోస్కోపీలో తీస్తారు. అందులో పొట్టలోకి గ్యాస్ నింపుతారు, ఆయాసం, భుజం నొప్పి వస్తాయి, మధ్యలో పూర్తి మత్తుకు మారవలసి రావచ్చు. మొదటిసారి అంత భయపడిన మనిషిని మెలకువగా ఆ బల్ల మీద పడుకోబెట్టమని నేను సలహా ఇవ్వను.

సరిహద్దు జిల్లాల్లో నన్ను ఎక్కువగా విసిగించేది కాగితాల సంగతి. ఒక ఆపరేషన్ బరంపురంలో, ఇంకోటి శ్రీకాకుళంలో, మరోటి విశాఖలో. ఎవరి ఫైలు వారి దగ్గరే. డిశ్చార్జి కాగితంలో ‘జీఏ (జనరల్ అనస్థీషియా) కింద ఆపరేషన్ జరిగింది’ అని ఒక్క ముక్క ఉంటుంది, ఏ మందు, ఎంత, ఏం జరిగింది అన్నది ఉండదు. పాత ఆసుపత్రికి వెళ్లి మీ అమ్మగారి అనస్థీషియా రికార్డు నకలు అడగండి. మామయ్యది కూడా. అడగడం మీ హక్కు. దొరకకపోతే జరిగినది మీరే ఒక కాగితం మీద రాసి తీసుకువెళ్లండి, నాకు రాసిన ఉత్తరమే చాలు. దాన్ని సర్జన్‌కు కాదు, మత్తు డాక్టరుకు ఇవ్వండి, అదీ ఆపరేషన్ రోజు పొద్దున కాకుండా ముందే. ఆ గుర్తు ఆయనకు ఉంటే, నిద్రమందును కండరాల బలం తిరిగి వచ్చేదాకా ఆపకుండా నడుపుతారు. మీ అమ్మగారిని కూడా ఆ డాక్టరు ముందు కూర్చోబెట్టి, ఆవిడ మాటల్లోనే చెప్పనివ్వండి.

ఇవన్నీ సమకూర్చుకోవడానికి ఒకటి రెండు వారాలు పడితే ఫర్వాలేదు. కానీ ఈలోగా కుడివైపు డొక్కలో నొప్పి గంటల తరబడి తగ్గకపోయినా, చలిజ్వరం వచ్చినా, కళ్లు పచ్చబడినా పరీక్ష ఫలితం కోసం చూడకుండా దగ్గరలో సర్జన్ ఉన్న ఆసుపత్రికి ఆ రోజే తీసుకువెళ్లండి. అత్యవసరంగా చేయవలసి వస్తే, ‘మా అమ్మ తోడబుట్టినవాడికి సక్సినైల్‌కోలిన్ పడలేదేమోనని అనుమానం’ అని మత్తు డాక్టరుకు చెప్పండి.