సోల్డరింగ్ పొగ, రాత్రి దగ్గు: ఇంట్లో ఇన్‌హేలర్ ఉంది కదా అని వాడేయకండి

ప్రశ్న: నాకు 61 ఏళ్లు. బ్రిటన్‌లోని డెర్బీలో ఉంటాం. రిటైరయ్యాక పాత 16 టన్నుల బొగ్గు రైలు వ్యాగన్ల చిన్న మోడళ్లను ఇత్తడి, వైట్‌మెటల్ (తగరంతో చేసే మెత్తని మిశ్రలోహం, సీసం కూడా కలవొచ్చు) కిట్లతో తయారు చేస్తున్నాను. చలికి కిటికీలు మూసే సోల్డరింగ్ చేస్తాను (టంకంతో అతుకుతాను), కిట్లను వంటగది సింకులో కడుగుతాను. రెండు నెలలుగా రాత్రిళ్లు పొడి దగ్గు, పిల్లికూతలు. మా ఆవిడ ఇన్‌హేలర్ పీలిస్తే తగ్గుతోంది. హైదరాబాద్ నుంచి తెచ్చుకున్న అజిత్రోమైసిన్ వాడాను. కళ్లు ఎర్రబడితే అక్కడి చుక్కల మందే వేసుకుంటున్నాను. బీపీ ఉంది. రెండేళ్ల మనవరాలు మాతోనే ఉంటుంది. టంకంలోని సీసం పొగగా ఒంట్లోకి చేరిందేమోనని టెన్షన్. సీసం లేని టంకానికి మారితే సరిపోతుందా?

జవాబు: సీసం సంగతి తర్వాత చూద్దాం. నాకు ఆందోళనగా ఉన్నది మీ పిల్లికూతలు, వాటికి మీరు చేసుకుంటున్న సొంత వైద్యం.

టంకం తీగ లోపల సాధారణంగా ఉండే ఫ్లక్స్, అంటే టంకం లోహానికి బాగా అతుక్కునేలా చేసే పదార్థం, పైన్ చెట్ల జిగురు నుంచి వస్తుంది. కోలోఫోనీ అంటారు. వేడి సోల్డరింగ్ ఐరన్ తగలగానే లేచే తెల్లటి పొగ దానిదే. వృత్తి వల్ల వచ్చే ఉబ్బసానికి ముఖ్య కారణాల్లో ఇదొకటని బ్రిటన్‌లో ఎప్పటి నుంచో తెలుసు. నెలలు, ఏళ్ల తరబడి ఏమీ కాకపోవచ్చు. ఒక్కసారి పడకుండా పోయిందంటే కొద్ది పొగకే ఊపిరిగొట్టాలు బిగుసుకుంటాయి. పైగా పొగ పీల్చిన చాలా గంటలకు, నిద్రలో దగ్గు మొదలవ్వచ్చు. అందుకే చాలామంది ఈ రెండింటినీ కలిపి చూడరు. యాసిడ్ ఫ్లక్సుల ఆవిరి కూడా గొంతును, ఊపిరితిత్తులను రేపుతుంది.

మిమ్మల్ని పరీక్షించకుండా ఇది ఉబ్బసమేనని చెప్పలేను. బీపీ మాత్ర పేరు రాయలేదు. రామిప్రిల్, ఎనలాప్రిల్ లాంటివి పొడి దగ్గు తెస్తాయి. అటెనోలాల్, ప్రొప్రనొలాల్ లాంటివి ఉబ్బసాన్ని పెంచుతాయి. అలాగని మీ అంతట మీరే మాత్ర ఆపకండి. ఈ వయసులో గుండె బలహీనపడినా రాత్రిపూట దగ్గు, ఆయాసం వస్తాయి. అది కూడా చూడాలి.

ఇక ఇన్‌హేలర్. మీ శ్రీమతిది సాల్బుటమాల్ అయితే అది బిగుసుకున్న గొట్టాలను కాసేపు వదులు చేస్తుంది, లోపలి వాపును తగ్గించదు. ఉబ్బసానికి అదొక్కటే వాడవద్దని 2019 నుంచి అంతర్జాతీయ మార్గదర్శకాలు చెబుతున్నాయి. ఉపశమనం దొరుకుతోంది కాబట్టే మీరు రెండు నెలలు డాక్టర్ దగ్గరికి వెళ్లలేదు. వృత్తి ఉబ్బసంలో పొగకు ఎంత త్వరగా దూరమైతే అంత మేలు. ఆలస్యమైతే పొగ మానేసినా ఉబ్బసం మిగిలిపోవచ్చు. అజిత్రోమైసిన్ ఎందుకు వేసుకున్నారు? జ్వరం రాయలేదు, కఫం రాయలేదు. కొందరిలో అది గుండె లయను దెబ్బతీస్తుంది. విదేశాల నుంచి ఇండియాకి వచ్చి వెళ్లేవాళ్ల సూట్‌కేసులో మందుల సంచి తప్పనిసరి అయిపోయింది. దయచేసి ఈ అలవాటు మానండి.

చుక్కల మందు విషయం ఇంకా గట్టిగా చెబుతున్నాను. సీసా మీద డెక్సామెథసోన్, బీటామెథసోన్ వంటి పేర్లుంటే అది స్టెరాయిడ్. కంట్లో ఒత్తిడి పెంచుతుంది, ఇన్‌ఫెక్షన్‌ను కప్పిపుచ్చుతుంది. లోహం రుద్దడానికి ఫైబర్‌గ్లాస్ పెన్సిల్ వాడుతుంటే దాని నూగు కంట్లో పడి నల్లగుడ్డు గీసుకుపోయి ఉండొచ్చు. ఈ వారమే కళ్లు చూపించండి. రుద్దేటప్పుడు కళ్లద్దాలు తప్పనిసరి.

మీ జీపీ (ఫ్యామిలీ డాక్టర్) దగ్గరికి ఫ్లక్స్, టంకం డబ్బాలు, బీపీ మాత్ర పట్టుకెళ్లండి. ఏ రోజు సోల్డరింగ్ చేశారో, ఏ రాత్రి దగ్గు వచ్చిందో రాసి పెట్టండి. పీక్ ఫ్లో మీటర్ (ఎంత వేగంగా ఊపిరి వదలగలరో కొలిచే పరికరం) ఇస్తే వారు చెప్పినట్టు నమోదు చేయండి. అప్పటిదాకా సోల్డరింగ్ ఆపండి. పరీక్షించి చూద్దామని మళ్లీ పొగ పీల్చకండి. మాట పూర్తిచేయలేనంత ఆయాసం వస్తే అత్యవసర నంబర్ 999కు ఫోన్ చేయండి.

మీరు అడిగినదానికి: మామూలు 60/40 టంకం (60 శాతం తగరం, 40 శాతం సీసం) 190 డిగ్రీల లోపే కరుగుతుంది. సీసం చెప్పుకోదగ్గంతగా ఆవిరవ్వాలంటే దాదాపు 500 డిగ్రీలు దాటాలి. కాబట్టి ఐరన్‌తో పనిచేస్తే సీసం ముప్పు పొగలో తక్కువ, చేతుల్లో ఎక్కువ. వేళ్ల నుంచి నోటికి, వైట్‌మెటల్ అరగదీసిన పొడి నుంచి ఇంట్లోకి చేరుతుంది. సీసం లేని టంకం కరగడానికి వేడి ఎక్కువ కావాలి, దాంతో ఫ్లక్స్ పొగ పెరగవచ్చు. మీ దగ్గుకు అది మందు కాదు. 70 డిగ్రీలకు కరిగే టంకాల్లో కొన్నింట్లో కాడ్మియం అనే విష లోహం ఉంటుంది, లేబుల్ చదవండి. మోడళ్లకు అద్దే తుప్పు రంగు పొడులు, ఎయిర్‌బ్రష్‌తో రంగు చల్లే పని కూడా దగ్గు తగ్గేదాకా వద్దు.

మనవరాలి విషయంలో ఆలస్యం చేయకండి. పిల్లలకు సీసం ఇంత వరకు ఫర్వాలేదని చెప్పే స్థాయి లేదు. వంటగది సింకులో కిట్లు కడగడం ఈరోజే మానండి. పనిగదిని చీపురుతో ఊడ్వకుండా తడిగుడ్డతో తుడవండి, పని బట్టలు విడిగా ఉతకండి, పాపను ఆ గదిలోకి రానివ్వకండి. తనకూ మీకూ రక్తంలో సీసం పరీక్ష అవసరమా అని జీపీని అదే అపాయింట్‌మెంట్‌లో అడగండి.