తుపాకి లేని రౌడీలు

ప్రశ్న: కొరియా దర్శకుడు ఇమ్ క్వాన్‌తెక్ 1990లో తీసిన ‘జనరల్స్ సన్’ను మా అబ్బాయి లాప్‌టాప్‌లో చూశాను. కథ జపాను పాలనలోని సోల్ నగరంలో జరుగుతుంది. అందులోని రౌడీలు తుపాకి ముట్టకుండా పిడికిళ్ళతోనే ఎందుకు తలపడతారు? కథానాయకుడు నిజంగా ఉన్న మనిషేనా?
– విశ్రాంత ఉపాధ్యాయుడు, కావలి

జవాబు: మాస్టారూ, కిమ్ దూహాన్ నిజంగా ఉన్న మనిషే. 1920లో మంచూరియాలో జపాను సేనలను ఎదిరించిన సేనాని కిమ్ జ్వాజిన్ కుమారుడిగా ప్రసిద్ధుడు కావడం వల్లనే సినిమాకు ఆ పేరు వచ్చింది. అయితే దానికి ఆధారం చరిత్ర గ్రంథం కాదు, ఒక నవల. కనుక ఒక్కడే పదిమందిని పడగొట్టే ఘట్టాలను బుర్రకథలో వీరుడి వర్ణన విన్నట్లే చూడాలి. దూహాన్ తరువాత 1954లో పార్లమెంటుకు ఎన్నికయ్యాడు. 1966లో, ఒక స్మగ్లింగ్ కుంభకోణంపై కోపంతో, నిండు సభలో మంత్రులపై మలం విసిరాడు. ఇది మాత్రం కల్పన కాదు.

ఇక తుపాకుల విషయం. కొరియన్ల చేతికి ఆయుధాలు చిక్కకుండా జపాను ప్రభుత్వం కఠినమైన ఆంక్షలు పెట్టింది. అంతకంటె ముఖ్యం, ఆ తగాదా వీధి కోసం. నగరం మధ్యగా పారే చొంగ్యేచొన్ వాగుకు ఉత్తరాన ఉన్న జోంగ్నో కొరియా వర్తకుల పేట. దక్షిణాన ఉన్నది జపానువారి పేట, 1930లో మిత్సుకోషి వారి పెద్ద డిపార్ట్‌మెంట్ స్టోరు భవనం వెలసింది కూడా ఆ వైపునే. ట్రాములు, విద్యుద్దీపాలు, సినిమా హాళ్ళు వచ్చి నగరం కొత్త రూపు దిద్దుకుంటున్న కొద్దీ అంగళ్ళ మీద మామూళ్ళు ఎవరికి చెందాలన్న పోటీ కూడా ముదిరింది. జోంగ్నో ముఠాకు స్థావరం ఉమిగ్వాన్ అనే సినిమా హాలే కావడం నాకు చాలా సహజంగా తోచింది. కొత్త సినిమా విడుదలనాడు నెల్లూరు హాళ్ళ గేట్ల ముందు బ్లాకు టికెట్లవాళ్ళ హద్దుల తగాదాలు చూసిన తరం మనది. వీధి తనదని పేటవాళ్ళందరూ ఒప్పుకోవాలంటే వారి కళ్ళ ముందే చేతులతో గెలవాలి. చాటు నుంచి తుపాకి పేల్చినవాడికి ఆ పేరు దక్కదు.

మీకు కొట్లాటలకంటె ఊరు మారే తీరే ఆసక్తి అయితే లీ చాంగ్‌డాంగ్ 1997లో తీసిన ‘గ్రీన్ ఫిష్’ చూడండి. సైన్యం నుంచి ఇంటికి వచ్చిన యువకుడికి సోల్ పక్కనున్న తన ఊరి పొలాల చోట అపార్ట్‌మెంట్ల వరుసలు కనిపిస్తాయి. పని వెతుక్కుంటూ అతడు ఒక ముఠా నాయకుడి పంచన చేరతాడు.